ఐదో రుతువు, అమ్మమ్మ కత్తిపీట

మా అమ్మమ్మ మంచం కింద ఒక రెక్సిన్ సంచి ఉంటుంది. నాకు ఊహ తెలిసినప్పటి నుంచీ ఉంది. సంచి చిరిగితే ఇంకో సంచి వస్తుంది కానీ లోపలి సరుకు మారదు. పాలిథీన్ కవర్లో కట్టిన అటుకులు, బెల్లం అచ్చు, రెండు అగ్గిపెట్టెలు, కొవ్వొత్తులు, టార్చిలైటు, రేషన్ కార్డు జిరాక్సు, ఈమధ్య కొత్తగా బీపీ మాత్రలు. అడుగున చుట్ట చుట్టిన నైలాన్ తాడు. ఏటా దీపావళి వెళ్ళగానే అటుకులు మారుస్తుంది. పాతవి మాకు తాలింపు వేసి పెట్టేది. చిన్నప్పుడు తాడు ఎందుకని అడిగితే "మనిషిని చెట్టుకి కట్టుకోడానికి" అంది, కూరలో ఉప్పు ఎందుకంటే చెప్పినంత మామూలుగా. మేం పిల్లలం దాన్ని 'అమ్మమ్మ అమెరికా బ్యాగు' అని నవ్వుకునేవాళ్ళం. ఎప్పుడు చూసినా ప్రయాణానికి సిద్ధంగా ఉంటుందని.

ఎన్.కె. జెమిసిన్ 'ది ఫిఫ్త్ సీజన్' చదువుతూ ఒక చోట ఆగిపోయాను. ఆ లోకంలో ప్రతి మనిషికీ ఇలాంటి సంచి ఒకటి ఉంటుంది. దాని పేరు రన్నీ సాక్. పరిగెత్తాల్సి వచ్చినప్పుడు భుజాన వేసుకోడానికి ఎప్పుడూ సర్ది ఉంచుకునే మూట. తిండి, మందులు, కట్టుకోడానికి గుడ్డలు. పాతవి తీసి కొత్తవి పెట్టడం అక్కడ ఇంటి పనుల్లో ఒక పని. మెట్రోలో నిలబడి చదువుతున్నా. అమీర్‌పేట్‌లో దిగి రైలు మారాల్సినదాన్ని, మారలేదు.

ఈ నవలల గురించి తెలియనివాళ్ళకి కాస్త చెప్పాలి. మూడు పుస్తకాలు. 2015, 2016, 2017లో వరసగా వచ్చాయి. మూడింటికీ ఉత్తమ నవలగా హ్యూగో అవార్డు వచ్చింది. అలా వరసగా మూడేళ్ళు ఎవరికీ అంతకుముందు రాలేదు. కథ జరిగే ఖండం పేరు స్టిల్‌నెస్, అంటే నిశ్చలత. పేరులో ఉన్నదేదీ అక్కడ లేదు. నేల ఊరికే వణుకుతుంది, కొండలు పేలతాయి, కొన్ని వందల ఏళ్ళకోసారి బూడిద ఆకాశాన్ని మూసేస్తుంది. ఎండ రాదు. పంట రాదు. ఆరు నెలలకు తగ్గకుండా చలికాలం నడిస్తే దాన్ని ఐదో రుతువు అంటారు. కొన్ని ఏళ్ళకేళ్ళు సాగుతాయి. మొదటి పుస్తకం చివర పట్టికలో అలాంటి రుతువుల జాబితా ఉంటుంది, ఒక్కోదానికీ ఒక్కో పేరుతో. ఒక దాని పేరు బూజు రుతువు. వానలు పడే కాలంలో సముద్రంలో అగ్నిపర్వతాలు పేలి, తేమ ఎక్కువై, ఎండ లేక, పంట మొత్తం బూజు పట్టి పోయింది. నాలుగేళ్ళ కరువు. పట్టికలో మూడు నాలుగు వాక్యాలు, అంతే. కథంతా ఒక ఎత్తు, ఆ పొడి జాబితా ఒక ఎత్తు నాకు.

(మన లెక్క ప్రకారం ఐదో రుతువు హేమంతం. మంచు, ముగ్గులు, గొబ్బిళ్ళు. కానీ కోస్తాలో పుట్టినవాళ్ళని అడగండి. ఎండాకాలం, వానాకాలం, చలికాలం అని చెప్పి, ఒక్క క్షణం ఆగి, తుఫాన్ల కాలం అంటారు.)

అక్కడ కొందరు పుట్టుకతోనే నేలని ఆపగలరు, కదపగలరు. వాళ్ళని ఒరోజీన్లు అంటారు. చుట్టూ ఉన్న వేడిని, శక్తిని లాక్కుని భూకంపాన్ని అణిచేస్తారు. అలా చేస్తే పక్కనున్న మనిషి గడ్డకట్టి చావొచ్చు కూడా. అందుకని వాళ్ళంటే అందరికీ భయం, అసహ్యం. పిల్లల్లో ఆ లక్షణం కనిపిస్తే ఊరివాళ్ళే చంపేస్తారు, లేదా రాజధానికి పంపేస్తారు. అక్కడ శిక్షణ పేరుతో లొంగదీస్తారు. లొంగనివాళ్ళని ఏం చేస్తారో మొదటి పుస్తకం మధ్యలో ఒక అధ్యాయంలో ఉంది. ఖండం పొడుగునా ఠాణాల్లాంటివి ఉంటాయి, ఒక్కోచోట ఒక్కొక్కరు కూర్చుని నేలని నిద్రపుచ్చుతుంటారు. ఒక ఠాణాలోకి వెళ్ళి చూస్తే కుర్చీకి కట్టేసిన పసివాడు. మెదడులో కోత పెట్టి, తెలివి తీసేసి, నేలని ఆపే గుణం ఒక్కటే మిగిల్చారు. రాజధానిలో జనం హాయిగా నిద్రపోయేది ఇలాంటి కుర్చీల దయవల్ల. ఆ రాత్రి నేను అన్నం తినలేదు.

ఇక కథ మొదలే ఇలా ఉంటుంది. ఒకవైపు ఒక మగమనిషి రాజధాని దగ్గర నిలబడి, తనకున్న ఆ శక్తితో ఖండాన్ని నిలువునా చీల్చేస్తాడు. మరోవైపు దూరంగా చిన్న ఊళ్ళో ఎస్సున్ అనే తల్లి చచ్చిపోయిన తన చిన్నకొడుకు పక్కన కూర్చుని ఉంటుంది. కొడుకుని కొట్టి చంపింది తండ్రే. పిల్లాడికి ఆ శక్తి ఉందని తెలిసి. కూతురిని తీసుకుని వెళ్ళిపోయాడు. ఆకాశం మూసుకుపోతుంటే ఆ తల్లి సంచి భుజాన వేసుకుని కూతుర్ని వెతుక్కుంటూ బయల్దేరుతుంది.

నేను ఇంతవరకు చదివేసరికి 2023 డిసెంబర్ వచ్చింది. బంగాళాఖాతంలో ఒక తుఫాను. పేపర్లో ఒకరు మిచౌంగ్ అని, ఒకరు మిగ్‌జాం అని రాశారు. పేరు పెట్టింది మయన్మార్. నాలుగో తారీఖు రాత్రి అవనిగడ్డకి ఫోన్ చేశా. మావయ్య ఊళ్ళో లేడు. అమ్మమ్మ ఒక్కతే, కరెంటు లేదు, ఫోన్లో చార్జింగు ముప్పై శాతం ఉందని ముందే చెప్పింది.

"సంచి తీశావా?"

"ఎప్పుడో. మంచం మీద పెట్టుకున్నా. దీనికి కూడా పేరుందంటగా?"

చెప్పాను.

"తుఫానుకి పేరెందుకే, పెళ్ళి చెయ్యాలా?" అంది.

మా వైపు తుఫాన్లకి పేర్లు పెట్టడం 2004 నుంచి. హుద్‌హుద్ అన్నా, తిత్లీ అన్నా మాకు ముఖం గుర్తొస్తుంది. అమ్మమ్మ తుఫానుకి పేరు లేదు. 1977 నవంబర్ 19, శనివారం. దాన్ని ఎవరూ తుఫాను అనరు కూడా, దివిసీమ ఉప్పెన అంటారు. మా ఇంట్లో అదీ అనరు. 'అప్పుడు' అంటారు. "అప్పుడు పోయిన బిందెలు", "అప్పటికి మీ తాతకి ఉద్యోగం లేదు".

లెక్క ప్రకారం పదివేల మంది దాకా పోయారు. ఇంకా ఎక్కువేనని అక్కడివాళ్ళు అంటారు. అది గాలివాన మాత్రమే అయితే అంతమంది పోరు. తుఫాను గాలి సముద్రం పైనీటిని గంటల తరబడి ఒడ్డు వైపు నెడుతుంది. లోతున్న చోట ఆ నీళ్ళు కిందకి దిగి వెనక్కి పోతాయి. మా దగ్గర సముద్రం చాలా దూరం లోతు తక్కువ. నీళ్ళకి దిగే దారి లేదు, పైకి లేచి నేల మీదకి రావడమే. ఆ నేల కృష్ణ తెచ్చి పోసిన ఒండ్రు, అరచేయంత చదును. కొన్నిచోట్ల ఐదారు మీటర్ల ఎత్తున వచ్చిందంటారు. అమ్మమ్మ మీటర్లు చెప్పదు. "తాటిచెట్టు మొవ్వులో చీర ఇరుక్కుంది" అంటుంది.

అమ్మ కంటే ముందు అమ్మమ్మకి ఒక కూతురు. ఐదేళ్ళ పిల్ల. అమ్మమ్మ పుట్టిల్లు కోడూరు దాటి సముద్రం వైపు. నాగుల చవితికి పుట్టలో పాలు పోయడానికి పిల్లని తీసుకుని అక్కడికి వెళ్ళింది. పండగ అయ్యాక అమ్మమ్మ వెనక్కి వచ్చేసింది, వరికోతలు దగ్గర పడ్డాయని. పిల్ల రానంది. ఇంకో నాలుగు రోజులు తాతమ్మ దగ్గర ఉంటానంది. ఉండమంది. ఆ నాలుగు రోజుల్లో చివరిది శనివారం.

తాతమ్మ పోయింది. పిల్ల పోయింది. అమ్మమ్మ తమ్ముడు ఒక్కడు తుమ్మచెట్టు పట్టుకుని తెల్లారేదాకా ఉన్నాడు. ఆయన చెప్పిన మాట మా ఇంట్లో అందరికీ వచ్చు. అదే చెట్టు మీద నాలుగైదు పాములు కూడా ఉన్నాయట. చెయ్యి పక్కనే, మెడ పక్కనే. ఒక్కటీ కాటెయ్యలేదట. స్టిల్‌నెస్‌లో దీనికి సరిగ్గా తిరగేసింది ఉంటుంది. కిర్కూసా అని ఒక పెంపుడు జంతువు, మామూలు రోజుల్లో గడ్డీ గాదం తిని ఒళ్ళో పడుకుంటుంది. ఐదో రుతువు మొదలవగానే మాంసం మరుగుతుంది, పెంచినవాళ్ళనే తింటుంది. జెమిసిన్ విపత్తుని బాగా చదువుకుంది, నాసా డబ్బుతో రచయితల కోసం నడిపిన ఒక వర్క్‌షాప్‌కి కూడా వెళ్ళింది. అయినా తుమ్మచెట్టు మీది పాముల దగ్గర మాత్రం నేను మా చినతాత పక్షమే.

పిల్ల దొరకలేదు. రెండేళ్ళకి అమ్మ పుడితే అదే పేరు పెట్టారు. అమ్మ తెలుగు టీచరు. "నేను రెండో ముద్రణని" అంటుంది నవ్వుతూ. నవ్వు సగంలో ఆపేస్తుంది.

ఇదంతా నాకు ముందే తెలుసు. తెలియంది ఆ రాత్రి తెలిసింది.

నిద్రపోకుండా ఉండాలి, ఏదైనా చెప్పవే అంది. చార్జింగు అయిపోతుందన్నా. "పోతే పోయింది" అంది. నా బుర్రలో అప్పుడు ఎస్సున్ తప్ప ఎవరూ లేరు. సరే అని మొదలుపెట్టా. ఒక లోకం ఉందమ్మమ్మా, అక్కడ కొంతమంది భూమిని ఆపగలరు, అని.

"చేతబడి లాంటిదా?"

"కాదు. పుట్టుకతో వస్తుంది. నేర్చుకునేది కాదు."

"అయితే పాపం" అంది వెంటనే.

ఒకడు మొత్తం భూమిని చీల్చేశాడు, బూడిద లేచి సూర్యుడు కనపడకుండా పోయాడు, ఇంక వేల ఏళ్ళు ఎండ రాదు, అని చెప్పా. అటువైపు గాలి చప్పుడు వినిపిస్తోంది. కిటికీ రెక్క ఏదో కొట్టుకుంటోంది.

"ఎందుకు చేశాడు?"

"ఇంకా తెలీదు. అంతవరకు రాలేదు."

"పిల్లలెవరైనా పోయారా వాడికి?"

నేను మాట్లాడలేదు. అమ్మమ్మ నవలలు చదవదు. సీరియళ్ళు చూస్తుంది. ఆ ప్రశ్న సీరియల్లోంచి వచ్చింది కాదు. నేను అప్పటికి రెండు వందల పేజీల పైన చదివి కూడా ఆ ప్రశ్న వేసుకోలేదు. అధికారం, తిరుగుబాటు, అణచివేత, ఇలాంటి పెద్ద మాటలతో వాడికి కారణాలు వెతుకుతున్నా. రెండో పుస్తకానికి వచ్చేసరికి తేలింది. పోయారు. అణచివేత, తిరుగుబాటు ఉన్నాయి, కాదనను. కానీ వాటి అడుగున పిల్లలున్నారు. ఇంకా కిందకి వెళ్తే అసలు ఆ రుతువులన్నీ ఎందుకొస్తున్నాయో కూడా అదే కారణం. మొదట్లో పాతకాలపు ముసలమ్మల కథలా ఒక మాట వస్తుంది. భూమి తండ్రి, ఆయనకి ఒక్కతే బిడ్డ, మనుషులు ఆ బిడ్డని పోగొట్టారు, అప్పటి నుంచీ ఆయనకి మనుషులంటే పగ, అని. మూడు పుస్తకాలూ అయ్యేసరికి అది కథ కాదు, నిజమని తెలుస్తుంది. బిడ్డ అంటే చంద్రుడు. ఒకప్పటి నాగరికత, శక్తి కోసం భూమి గుండెలోకి గొట్టం వెయ్యబోయి, చంద్రుణ్ణి కక్ష్య నుంచి విసిరేసింది. బిడ్డ పోయిన తండ్రి వేల ఏళ్ళుగా కంపిస్తున్నాడు.

"ఏమో, పోయుండొచ్చు" అన్నా అమ్మమ్మతో.

చాలాసేపు ఏమీ అనలేదు. ఫోన్ కట్ అయిందనుకున్నా. తర్వాత చెప్పింది. చవితి రోజు కత్తిపీట ముట్టుకోకూడదు కదా, నేను ముట్టుకున్నానే, అని.

మా వైపు చాలా ఇళ్ళలో నాగుల చవితి నాడు కూరలు తరగరు. పామున్న నేలని, పాముని కోసినట్టని. చలిమిడి, చిమ్మిలి, అరటిపళ్ళు, అన్నీ చేత్తో అయ్యేవే. ఆ ఏడు పిల్లకి జామకాయ కావాలట. గట్టిగా ఉంది, పంటికి అందడం లేదని ఏడ్చిందట. అమ్మమ్మ వాళ్ళ పెరట్లో ఎవరూ చూడకుండా కత్తిపీట మీద రెండు ముక్కలు చేసి ఇచ్చింది. అంతే. తర్వాత అత్తారింటికి వచ్చాక మాటల్లో తోడికోడలితో ఆ సంగతి చెప్పింది, పిల్ల ఎంత పేచీ పెట్టిందో చెప్తూ. శనివారం వచ్చింది, పోయింది. శవాలు వెతుకుతున్న రోజుల్లో ఒకరోజు ఆ తోడికోడలు అందట: "చవితి పూట కత్తి పట్టావు. ఊళ్ళకి ఊళ్ళు తిన్నావు."

అన్నావిడ పోయి ముప్పై ఏళ్ళ పైనే అయింది. మాట ఉంది.

నాకు ఏడేళ్ళప్పుడు నాగుల చవితికి ఊరెళ్తే, అటక మీదున్న కత్తిపీట దింపమని మావయ్యని సతాయించా. కొబ్బరి కోసుకోడానికి. అమ్మమ్మ వచ్చి చెంప మీద కొట్టింది. జీవితంలో నన్ను కొట్టింది అదొక్కసారే. నేను ఏడవడం కూడా మర్చిపోయి చూస్తూ ఉండిపోయా. ఇరవై ఏళ్ళు నాకు ఆ దెబ్బ అర్థం కాలేదు. ముందురోజు రాత్రే కత్తిపీటని పాత పంచెలో చుట్టి అటకెక్కించడం మా ఇంటి ఆచారమనుకున్నా. ఆచారం కాదది, కాపలా.

నేను వాయుగుండం గురించి చెప్పడం మొదలుపెట్టా. ఏదో ఒకటి చెప్పాలి కదా. సముద్రం వేడెక్కడం, గాలి తిరగడం, లోతు తక్కువ, నీళ్ళు పైకి రావడం. స్కూల్లో చదివింది, నెట్‌లో చూసింది అంతా పోశా. చివరికి "నీ కత్తిపీటకి అంత శక్తి లేదమ్మమ్మా" అన్నా. గెలిచినట్టే అనిపించింది ఆ వాక్యం దగ్గర.

"అయితే ఊరికే పోయిందంటావా పిల్ల?"

దీనికి నా దగ్గర సమాధానం లేదు. ఇప్పటికీ లేదు. ఫోన్ అప్పుడే చచ్చిపోయింది, నిజంగానే చార్జింగు అయిపోయి.

ఆ తర్వాత నేను ఫాంటసీలు చదివే పద్ధతి మారింది. ఇలాంటి పుస్తకాల్లో వాతావరణం ఎప్పుడూ ఎవరో ఒకరు చేసిందే. నార్నియాలో వందేళ్ళ చలికాలం మంత్రగత్తె పని. మనకి గోవర్ధనగిరి కథలో ఏడురోజుల వాన ఇంద్రుడి అలక. అందుకే అవి పిల్లల కథలని, పెద్దవాళ్ళ సాహిత్యంలో గాలి ఊరికే వీస్తుందని నాకొక అభిప్రాయం ఉండేది. పాలగుమ్మి పద్మరాజు 'గాలివాన'లో ఆ గాలివానని ఎవరూ చెయ్యలేదు. అది వస్తుంది, రైలు స్టేషన్లో ఒక పెద్దమనిషి నమ్మకాలన్నీ ఊడగొడుతుంది, పోతుంది. ఆధునికత అంటే అదే అనుకునేదాన్ని, చేసినవాడు లేని తుఫాను. ఆ రాత్రి అర్థమైంది ఏంటంటే, చేసినవాడు లేని తుఫానుని భరించడం పుస్తకం చదివేవాళ్ళకి తేలిక. అందులోంచి నడిచి వచ్చినవాళ్ళకి ఒక చెయ్యి కావాలి. ఇంకెవరిదీ దొరక్కపోతే తన చెయ్యే.

జెమిసిన్‌ని నేను ఎక్కువ గౌరవించేది ఇక్కడే. చేసినవాడిని వెతకడం ఎంత సహజమో ఆవిడకి తెలుసు, అది ఎవరి నెత్తిన పడుతుందో కూడా తెలుసు. స్టిల్‌నెస్‌లో నేల వణికిన ప్రతిసారీ జనం ఒక ఒరోజీన్‌ని వెతుకుతారు. వణుకుని ఆపినవాడైనా సరే. ఎస్సున్ తమ ఊరిని ఆ చీలిక దెబ్బ నుంచి కాపాడింది, ఊరివాళ్ళకి దానివల్లే ఆమె మీద అనుమానం వచ్చింది. భూమిని నిలదియ్యలేరు, పక్కింటి పిల్లాణ్ణి కొట్టగలరు. తోడికోడలు కూడా అంతే చేసిందేమో. ఆమె వైపూ మనుషులు పోయారు. సముద్రాన్ని తిట్టలేక, ఎదురుగా ఉన్న ఇరవై నాలుగేళ్ళ పిల్లని తిట్టింది. ఇలా రాస్తున్నా గానీ ఆవిణ్ణి క్షమించేంత పెద్దమనసు నాకు రాలేదు.

ఎవరు పోయారన్నది కూడా గాలి ఒక్కటే తేల్చింది కాదు. "డాబా ఉన్నవాళ్ళు బతికారు" అంటుంది అమ్మమ్మ. తాటాకు గుడిసెల వాళ్ళు, సముద్రం పక్కన వలలు వేసుకునేవాళ్ళు, కూలికి వచ్చినవాళ్ళు పోయారు. నవల్లో ఐదో రుతువు రాగానే ఊళ్ళు గోడల తలుపులు మూసేస్తాయి. లోపల ఎవరుండాలి, ఎవరు బయట ఉండాలి అన్నది మనిషికున్న కులం లాంటి ఒక పని-పేరు తేలుస్తుంది. ఇది మాంత్రిక లోకం అని రాసి ఉంది అట్ట మీద. దివిసీమలో తర్వాత తుఫాను షెల్టర్లు కట్టారు, కాంక్రీటు స్తంభాల మీద. ఇప్పుడు ముందే చెప్తున్నారు, ఖాళీ చేయిస్తున్నారు. మిచౌంగ్ మర్నాడు మధ్యాహ్నం బాపట్ల దగ్గర తీరం దాటింది. మా వైపు కోతకొచ్చిన వరి పడుకుంది. అమ్మమ్మ సంచి మళ్ళీ మంచం కిందికి వెళ్ళింది.

ఒక ఇబ్బందైన ఆలోచన కూడా ఉంది, రాయకపోతే మోసం. మూడో పుస్తకంలో చేసినవాళ్ళు దొరుకుతారని చెప్పాను కదా, ఎంత వాడినా తరగని శక్తి కావాలనుకున్న నగరం. వేడెక్కిన సముద్రం తుఫానుకి మేత. ఆ వేడి ఎక్కడి నుంచి వస్తోందో మనకి తెలుసు. ఈ వాక్యాన్ని నేను ఏసీ గదిలో రాస్తున్నా. చెయ్యి కావాలంటే అమ్మమ్మ జామకాయ కోసిన చెయ్యి కంటే దగ్గరివి చాలా ఉన్నాయి. ఆవిడకి ఈ సంగతి చెప్తే ఊరట వస్తుందా అని ఒకసారి ఆలోచించా. నా మీదకి తీసుకుని ఆవిణ్ణి విడిపించొచ్చని. 1977కి అది పనికిరాదు, పైగా ఆవిడ ఒప్పుకోదు. మనవరాలి మీదకి ఎందుకు పోనిస్తుంది.

అమ్మకి జామకాయ సంగతి చెప్పాలా వద్దా అని చాలా నెలలు ఊగాను. చెప్పా. అమ్మ పేపర్లు దిద్దుతోంది. ఎర్ర పెన్ను మూత పెట్టి, "నాకెప్పుడూ జామకాయ కోసి పెట్టలేదు, ఎందుకో అనుకునేదాన్ని" అంది. మళ్ళీ దిద్దుకుంది.

2024లో నాగుల చవితి నవంబర్ 5న వచ్చింది. సెలవు పెట్టి వెళ్ళా. అమ్మ కూడా వచ్చింది. పొద్దున్నే పుట్టకి వెళ్ళి పాలు పోసి వచ్చాం. కత్తిపీట అటక మీద ఉంది, పంచెలో. ఎవరం దాని మాట ఎత్తలేదు. మధ్యాహ్నం అరుగు మీద కూర్చుంటే అమ్మమ్మ చలిమిడి ముద్దలు చేసి పెడుతూ అడిగింది, పదకొండు నెలల తర్వాత, నిన్న రాత్రి ఆపిన కథలాగా.

"ఆ సంచేసుకుని బయల్దేరింది చూడు, ఆ తల్లికి పిల్ల దొరికిందా?"

మూడో పుస్తకం చదివినవాళ్ళకి తెలుసు. చదవనివాళ్ళు ఇక్కడ ఆగిపోవచ్చు. తల్లీకూతుళ్ళు ఎదురుపడతారు. కూతురు లోకాన్నే ముగించాలనుకుంటుంది, తల్లి ఆపాలనుకుంటుంది. ఇద్దరికీ సరిసమానమైన శక్తి. ఇంకాస్త ఆపితే కూతురు చచ్చిపోతుందని తెలిసి తల్లి చెయ్యి వదిలేస్తుంది. అక్కడికక్కడే రాయైపోతుంది. అది చూసి కూతురు మనసు మారి, చంద్రుణ్ణి వెనక్కి తెస్తుంది. భూమి శాంతిస్తుంది.

"దొరికింది అమ్మమ్మా" అన్నా.

"ఎక్కడ?"

"చాలా దూరంలో. భూమికి అటువైపు."

"బతికే ఉందా?"

"బతికే ఉంది. పెద్దదైంది."

తల ఊపింది. ఆ తర్వాత ఏమైందని అడగలేదు. పళ్ళెంలోంచి ఒక జామకాయ తీసి, చీర కొంగుతో తుడిచి, అమ్మ చేతికిచ్చింది. పచ్చిది, గట్టిది. అమ్మ దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, కొరికింది. కొరకడానికి కాస్త కష్టపడింది. అమ్మమ్మ అది మొత్తం అయ్యేదాకా చూస్తూ కూర్చుంది.